మీట లాగాక ఏడు నిమిషాలు

ధర్మవరంలో ఒక మగ్గం ఇంటి వసారాలో నిలబడి, ఫోన్‌లో ఒక అణు రియాక్టర్‌ను పేల్చేశాను. మా చిన్నమ్మ కూతురి పెళ్లికి చీరలు చూద్దామని అమ్మా నేనూ హిందూపురం నుంచి పొద్దున రైలుకు అక్కడికి వెళ్లాం. అమ్మ లోపల అంచులు తిరగేసి చూస్తోంది. అంతలో మా టీమ్ లీడ్ బెంగళూరు నుంచి ఫోన్ చేసి, రియాక్టర్ క్వెస్ట్ ఎంతవరకు వచ్చిందని అడిగాడు. అయిపోయిందన్నాను. ఐదు నిమిషాల్లో ఎర్ర మీట లాగకపోతే రియాక్టర్ బాంబులాగా పేలుతుందని, ఊరి మీద పుట్టగొడుగు ఆకారంలో మేఘం లేస్తుందని, మీట లాగితే మాత్రం అక్కడితో గెలిచినట్టేనని గట్టిగా చెబుతున్నాను. వసారాలో సిగ్నల్ సరిగా లేదు. అందుకే ఆ గొంతు.

నా పని గురించి ఇక్కడ ఒక మాట చెప్పాలి. నేను ఒక చిన్న వీడియో గేమ్ కంపెనీలో క్వెస్ట్‌లు రాస్తాను. క్వెస్ట్ అంటే ఆట ఆడేవాళ్లకు అప్పగించే పని. ఫలానా చోటికి వెళ్లు, ఫలానాది తీసుకురా, ఫలానావాళ్లను కాపాడు. కొన్నేళ్లు బెంగళూరులో ఉండి చేశాను. తర్వాత ఇంటి నుంచే చేసుకోవచ్చన్నారు గనక హిందూపురం వచ్చేసి, మేడ మీది గదిలో రెండు మానిటర్లు పెట్టుకున్నాను. గోరంట్ల దగ్గరి మా చేనుకు రోజూ బండి మీద పోయివచ్చే మా నాయన, ఎవరైనా అడిగితే, మా పాప కంప్యూటర్‌లో కథలు కట్టిస్తాది అనేవాడు. నేను చెప్పుకునే జవాబు కంటే అదే నయం.

ఫోన్ పెట్టేసి వెనక్కి తిరిగేసరికి వసారా చివర కుర్చీలో కూర్చున్న పెద్దాయన పేపరు మడిచి ఒళ్లో పెట్టుకుని నన్నే చూస్తున్నారు. తెల్ల బనియను, పంచె, ముక్కు మీదికి జారిన కళ్లద్దాలు. ఆ ఇంటి నేతగాడికి అన్న అని తర్వాత తెలిసింది.

"ఏమ్మా, ఆ రియాక్టరు ఎట్ల పేలుతుంది?" అన్నారు.

వీడియో గేమ్ కోసం అని చెప్పాను. అది తనకు అర్థమైందన్నారు. ఎట్ల పేలుతుందనేదే అర్థం కాలేదట. వేడెక్కి పేలుతుందన్నాను. బాంబులాగానా అని అడిగారు. అవునన్నాను. అప్పుడాయన కోపమేమీ లేకుండా, బడిలో లెక్క తప్పు చేసిన పిల్లకు చెప్పినట్టు చెప్పారు.

"ముప్పై ఏండ్లు దాని ముందరే కూర్చున్నాను. బాంబులాగ పేలడం దానికి రాదు. దాంట్లో ఉండే ఇంధనం ఆ రకం కాదు. దానికి వచ్చే కష్టం వేరే. ఆపినాక వస్తుంది."

ఆ చివరి మాట నాకు అప్పుడు అర్థం కాలేదు. ఆపాక కష్టమేమిటి? ఆపడమే కదా అసలు కష్టం. నేను చిన్నప్పటి నుంచి ఆడిన ఆటలన్నిట్లోనూ అంతే. సైరన్ మోగుతుంది, మీట దొరుకుతుంది, లాగుతాం, చప్పట్లు.

ఆయన ఒక అణు విద్యుత్ కేంద్రంలో కంట్రోల్ రూము ఆపరేటరుగా పనిచేసి రిటైరయ్యారు. మీట లాగిన రెండు మూడు క్షణాల్లో లోపలి అణుచర్య ఆగిపోతుందని, దానికి పెద్ద తెలివి అక్కర్లేదని చెప్పారు. కానీ ఆగిన మరుక్షణం కూడా నూటికి ఆరేడు వంతుల వేడి లోపల పుడుతూనే ఉంటుంది. దాన్ని ఆపే మీట లేదు. గంటలు, రోజులు గడిచేకొద్దీ అదే తగ్గాలి. అంతవరకూ నీళ్లు తిరుగుతూ ఉండాలి. నీళ్లు ఆగితే లోపలిది కరుగుతుంది. అదీ కష్టం.

నేను నోట్‌బుక్ తీశాను. లోపల నుంచి అమ్మ పిలుస్తోంది. రాసుకుంటూనే, రియాక్టర్ నీళ్లు ఆకుపచ్చగా మెరుస్తాయి కదా సార్ అని అడిగాను. ఎవరు చెప్పారని అడిగారు. అన్ని ఆటల్లోనూ పచ్చగానే ఉంటాయి గనక నేనూ పచ్చ అని రాశాను.

ఆయన లేచి లోపలికి వెళ్లి తమ్ముడి మగ్గం దగ్గర నుంచి పట్టు దారం కట్టలు నాలుగైదు తెచ్చారు. అన్నీ నీలాలే. వాడిన ఇంధనాన్ని నీళ్ల తొట్టిలో ముంచి ఉంచుతారని, దాని చుట్టూ నీళ్లు నీలంగా వెలుగుతాయని చెబుతూ ఒక్కో కట్టను ఎండలో పట్టి చూశారు. ఇది కాదు. ఇది మరీ నెమలికంఠం. ఇది నలుపెక్కువ. చివరికి ఒకటి ఎత్తి చూపి, దీంట్లో దీపం పెట్టినట్టుంటుంది అన్నారు. ఆ కట్ట నుంచి మూరెడు దారం తెంపి నా నోట్‌బుక్‌లో పెట్టారు. మా ఆర్టిస్టు వారం తర్వాత ఆ దారాన్ని కెమెరా కింద పెట్టుకుని ఆటలోని తొట్టికి రంగు కట్టాడు. ఆ రంగు బాగుందని అందరూ అన్నారు. ఎక్కడిదని ఎవరూ అడగలేదు.

తర్వాతి రెండు నెలల్లో ఏడెనిమిది సార్లు ధర్మవరం వెళ్లాను. సార్ అంటే ఆయనకు నచ్చలేదు. ఈడ నన్నెవరూ సార్ అనరమ్మా అన్నారు. అప్పటి నుంచి పెద్దనాయనా అన్నాను. రెండోసారి వెళ్లినప్పుడు ల్యాప్‌టాప్ పట్టుకెళ్లి మేము కట్టిన కంట్రోల్ రూము చూపించాను. గర్వంగానే చూపించాను, ఎందుకంటే దాని మీద మా వాళ్లు నెల రోజులు పనిచేశారు. గోడ నిండా మీటర్లు, దీపాలు, బొత్తాలు. ఆయన ఆట ఆడే కంట్రోలరు పట్టుకుని తెర మీది గదిలో కాసేపు గోడను గుద్దుకుంటూ తిరిగారు. తర్వాత ఒక మీటరు ముందు ఆగారు.

"ఇది ఏం చూపిస్తాది?"

"ఏమీ చూపించదు పెద్దనాయనా. అలంకారానికి."

"ఇది?"

"అదీ అంతే."

ఆయన కంట్రోలరు పక్కన పెట్టేశారు. ఆ ముఖం చూస్తే, ఎవరో తన ఇంటికి వచ్చి దేవుడి పటాలకు బదులు క్యాలెండర్లు వేలాడదీసినట్టు అనిపించింది. ఒక్కో మీటరు ఏం చెబుతుందో, రెండు మీటర్లు ఒకదానితో ఒకటి పేచీ పడితే ఏం చేయాలో ఆ సాయంత్రం దాకా చెప్పారు. మీటరును నమ్మాలి, కానీ ఒక్క మీటరునే నమ్మకూడదు. అది ఆయన మొదటి సూత్రం. రెండోది, చేతులు తొందరపడితే వాటిని వెనక్కి కట్టుకుని నిలబడటం.

మాటల్లో ఆయనే అన్న ఒక సంగతి పట్టుకుని, పెద్ద గాలివానకు బయటి లైన్లు పడిపోయి, రియాక్టర్ తనంతట తాను ఆగిపోయిన రోజు గురించి అడిగాను. ఏదో ఒక పెద్ద ఘట్టం దొరుకుతుందనే ఆశ నాది. ఆయన చెప్పింది ఇదీ: డీజిల్ జనరేటర్లు లేచాయి, పంపులు తిరిగాయి, తాను ఎనిమిది గంటలు మీటర్లు చూస్తూ పావుగంటకోసారి అంకెలు రాశారు, షిఫ్టు మారింది, ఇంటికి వచ్చి అన్నం తిన్నారు.

అంతేనా అన్నాను. ఆయన భార్య అప్పటిదాకా గుమ్మం దగ్గర కూర్చుని చింతకాయలు ఒలుస్తోంది. మాట్లాడింది ఆమె.

"అంతే పాపా. ముప్పై ఏండ్లు నేను రోజూ అడిగేదాన్ని, ఈపొద్దు ఏమాయె అని. ఏమీ కాలే అనేవాడు. మొదట్లో నాకు చెప్పేదానికి ఇష్టం లేదేమో అనుకుంటి. తర్వాత తెలిసె, ఆ ఏమీ కాకపోవడమే ఈయప్ప చేసే పని."

ఆ రోజు ధర్మవరం నుంచి హిందూపురం వచ్చే రైల్లో కూర్చుని పాత క్వెస్ట్ మొత్తం కొట్టేశాను. పెనుకొండ దాటేసరికి కొత్తది రూపం కట్టింది. మీట మొదటి నిమిషంలోనే దొరుకుతుంది. లాగితే రియాక్టర్ ఆగుతుంది. అక్కడితో మొదలు. తర్వాత ఏడు నిమిషాలు ఆ గదిలో ఉండి నీళ్లు తిరిగేలా చూడాలి. శత్రువులు రారు, తుపాకి పనికిరాదు. జనరేటరు వేడెక్కేదాకా ఆగాలి, పంపు వేయాలి, మీటర్లు చూడాలి. మధ్యలో నీళ్ల ట్యాంకు ఖాళీ అవుతుంది. రెండు మీటర్లు నిండుగా ఉందని అబద్ధం చెబుతాయి, ఒకటి ఖాళీ అని చెబుతుంది. ఎవరిది నిజమో ఆటగాడే కనిపెట్టాలి. చివర్లో మేఘాలు, మంటలు ఉండవు. తెర మీద రెండు మాటలు వస్తాయి: ఏమీ కాలేదు.

మా టీమ్ లీడ్ మడకశిర వైపువాడు. తెలుగులో మొదలుపెట్టి కన్నడంలో ముగించే మనిషి. పని తెలిసినవాడు, మంచివాడు కూడా. అది చదివి, ఇందులో ఆట ఎక్కడుందని అడిగాడు. ఏడు నిమిషాలు ఒక గదిలో మీటర్లు చూస్తూ ఎవడు కూర్చుంటాడు, సినిమాకు పోయినవాడికి కరెంటు బిల్లు చూపించినట్టుంది అన్నాడు. కోపం వచ్చింది గానీ ఆ మాటలో నిజం లేకపోలేదు. నేను రాసింది బాగుందని నాకు తెలుసు. మిగతావాళ్లకు అలా అనిపిస్తుందో లేదో నాకూ తెలియదు.

పేచీ వారం నడిచింది. చివరికి ఒప్పందానికి వచ్చాం. ఎప్పుడూ మా ఆట చూడని ఇరవై మందిని కూర్చోబెడదాం. కనీసం సగం మంది చివరిదాకా కూర్చుంటే ఉంచుదాం, లేకపోతే పాత మేఘమే. పెనుకొండలో ఒక డిగ్రీ కాలేజీలో నాతో చదివిన ఆమె పాఠాలు చెబుతోంది. ఒక శనివారం మధ్యాహ్నం కంప్యూటర్ ల్యాబ్ ఇప్పించింది. టీమ్ లీడ్ బెంగళూరు నుంచి కారులో వచ్చాడు. పెద్దనాయన ధర్మవరం నుంచి బస్సులో వచ్చారు. ఇస్త్రీ చొక్కా వేసుకుని, జేబులో రెండు పెన్నులు పెట్టుకుని, వెనక గోడ దగ్గర కుర్చీలో కూర్చున్నారు. ఆయనెవరో పిల్లలకు చెప్పలేదు. కాలేజీ కమిటీ మెంబరనుకున్నట్టున్నారు, ఒకరిద్దరు లేచి నమస్కారం పెట్టారు.

మొదలైంది. పది నిమిషాలకు అందరూ రియాక్టర్ గదికి చేరారు, ఒక్కరు తప్ప. మీట లాగారు. సైరన్ ఆగింది. కొందరు చప్పట్లు కొట్టుకున్నారు. ఆ పందొమ్మిది మందీ, నా పాత క్వెస్ట్ గెలిచినట్టే, వెనక్కి తిరిగి తలుపు తీసుకుని బయటికి పరుగెత్తారు. వాళ్ల వెనక భవనం పైకప్పు నుంచి ఆవిరి లేచింది. పని చెడింది అని తెర మీద పడింది.

గది గోలగోలగా అయింది. మీట లాగినాం గదా, ఇదేం అన్యాయం అన్నారు. టీమ్ లీడ్ నోట్‌బుక్‌లో ఏదో రాసుకుంటున్నాడు. నేను పెద్దనాయన వైపు చూడలేదు. మళ్లీ ఆడమని ఎవరికీ చెప్పలేదు కూడా, అది ఒప్పందంలో లేదు. ఇద్దరు లేచి బయటికి వెళ్లిపోయారు.

అప్పుడు కిటికీ పక్కన, కొండ కనిపించే చోట కూర్చున్న అమ్మాయి ఇంకా ఆడుతూ కనిపించింది. వెనకబడిన ఆ ఒక్కరూ ఆమే. రొద్దం వైపు మెట్ట పల్లె నుంచి బస్సులో వచ్చి డిగ్రీ రెండో ఏడు చదువుతోంది. వాళ్లకు గొర్రెలున్నాయట. కంప్యూటర్‌లో ఆట ఆడటం అదే మొదటిసారి. అందుకే ఆటలో నడవటం నేర్చుకోవటానికే పది నిమిషాలు పట్టింది. కంట్రోల్ రూములోకి వచ్చి ఒక్కో మీటరు కింద రాసింది చదివింది. మీట లాగింది. తలుపు వైపు తిరగలేదు.

పక్క కంప్యూటరు పిల్లవాడు, అయిపాయె, బయటికి పో అన్నాడు.

"వేడి ఇంకా పైనే ఉండాది గదా, యాడికి పోయేది?" అంది ఆ అమ్మాయి. చూపు తెర మీదే ఉంది.

నలుగురు ఆమె కుర్చీ వెనకకు చేరారు. జనరేటరు లేచింది. పంపు తిరిగింది. రెండు నిమిషాలు ఏమీ జరగలేదు. ఎవరూ కదలలేదు. అప్పటికి పది మందయ్యారు. నాలుగో నిమిషంలో ట్యాంకు మీటర్లు పేచీ పడ్డాయి. రెండు నిండుగా ఉందంటున్నాయి, ఒకటి లేదంటోంది. వెనకున్నవాళ్లు రెంటినే నమ్మమన్నారు. ఎక్కువమంది మాటే కదా నెగ్గాలి. ఆ అమ్మాయి మౌస్ వదిలి చేతులు ఒళ్లో పెట్టుకుంది. గోడనంతా మళ్లీ ఒకసారి చూసింది. పంపు ఎంత కరెంటు లాగుతోందో చూపే చిన్న మీటరు ఒకటి మూలన ఉంటుంది. దాని ముల్లు పడిపోయింది.

"పంపు ఉత్తదే తిరుగుతాంది. బోరులో నీళ్లు పోతే మా చేన్లో ఇట్లనే అయితాది," అని, పైనున్న ఇంకో ట్యాంకు వాల్వు తెరిచింది.

ముల్లు లేచింది. నీళ్లు తిరిగాయి. నేను అప్పుడు వెనక్కి చూశాను. పెద్దనాయన కుర్చీలో లేరు. ఆ గుంపులో, అందరి వెనక, కాలివేళ్ల మీద లేచి నిలబడి, పిల్లల తలల మీదుగా తెర చూస్తున్నారు. ఏడో నిమిషం అయ్యి ఆ రెండు మాటలు పడ్డప్పుడు ల్యాబ్ మొత్తం అరిచింది. బయటికి వెళ్లిన ఇద్దరూ ఏమైందో చూద్దామని తలుపు దగ్గరికి వచ్చారు.

ఆ తర్వాత ఎవరూ ఎవరికీ చెప్పాల్సిన పని లేకపోయింది. అందరూ మళ్లీ మొదటి నుంచి ఆడారు. రెండోసారి పదకొండు మంది, మూడోసారి ఇంకో ఐదుగురు గెలిచారు. ఐదు గంటలకు ల్యాబ్ మూయాలని అటెండరు తాళాలు ఆడించేదాకా లేవలేదు.

టీమ్ లీడ్ ఆ అమ్మాయి దగ్గరికి వెళ్లి, అందరూ పరుగెత్తితే నువ్వెందుకు పోలేదని అడిగాడు. ఆమె కొంచెం బెదిరింది. తప్పు చేశానేమో అనుకుంది.

"గొర్రె ఈనినాక మా నాయన ఆడ్నే నిలబడుకుంటాడు సార్. ఈనేసింది గదా అని రాడు. పిల్ల లేసి పాలు తాగేదాకా చూస్తాడు," అంది.

టీమ్ లీడ్ నా వైపు తిరిగి, ఉంచుదాం, ఏడు నిమిషాలూ ఉంచుదాం అన్నాడు. ఒక్క సెకను తగ్గించొద్దని తానే అన్నాడు. ఆ మాట నేను అడగలేదు.

అప్పుడు మాత్రమే పెద్దనాయనను పిల్లలకు పరిచయం చేశాను. ఆ గది, ఆ మీటర్లు, ఆ అబద్ధాలు చెప్పే ట్యాంకు ఎవరి దగ్గర నుంచి వచ్చాయో చెప్పాను. ఆయన మాట్లాడటానికి మొహమాటపడ్డారు. ఒకడు సూటిగా అడిగాడు, ఇతర దేశాల్లో ప్రమాదాలు అయినాయి గదా తాతా, మీకు భయం లేదా అని.

ఆయన దాటవేయలేదు. అయినాయి, చానా నష్టం అయింది అన్నారు. కొన్నిచోట్ల ఆపడం చేతకాక, కొన్నిచోట్ల ఆపినాక నీళ్లు అందక అయ్యాయని వివరించారు. భయం లేనివాణ్ని ఆ కుర్చీలో కూర్చోబెట్టకూడదని కూడా అన్నారు. తర్వాత నాకూ తెలియని సంగతి ఒకటి చెప్పారు.

"రిటైరై ధర్మవరం వచ్చినప్పుడు, మా వీధిలో నేను యాడ పనిచేసింది చెప్పలే. చెప్తే మా ఇంట్లో నీళ్లు తాగరేమో, పిల్లోళ్లను మా గడప తొక్కనీరేమో అని. కరెంటాఫీసులో చేసినానని చెప్తి. ఎనిమిదేండ్ల నుంచి అదే చెప్తాండా. ఈపొద్దు మీకు చెప్పినా. ఇంగ మా వీధిలో కూడా చెప్తా."

చెప్పారు కూడా. ఆ మర్నాడే, ఆదివారం, వీధి మొగలో టీ కొట్టు దగ్గర కూర్చుని చెప్పారట. ఎవరూ లేచి పోలేదు. పక్కింటి నేతగాడు ఒక్కటే అడిగాడట, ఇన్నేండ్లు ఎందుకు దాచినావప్పా అని. మరుసటి నెలలో ఆ కాలేజీవాళ్లు ఆయన్ను మళ్లీ పిలిచారు. తర్వాత ధర్మవరంలో ఒక హైస్కూలు పిలిచింది. ఇప్పుడాయన పంచె మీద ఇస్త్రీ చొక్కా వేసుకుని నెలకోసారైనా ఎక్కడో ఒకచోట మాట్లాడుతున్నారు. నీలం పట్టు కట్ట ఒకటి సంచిలో పెట్టుకుని పోతారని వాళ్ల తమ్ముడు నవ్వుతూ చెప్పాడు.

ఆట ఆ ఏడాది చివర్లో విడుదలైంది. పేర్ల జాబితాలో సలహాదారుగా ఆయన పేరూ, మొదటి పరీక్ష నెగ్గినందుకు ఆ అమ్మాయి పేరూ వేయించాం. మొదటి వారం నాకు నిద్ర సరిగా లేదు. ఆ క్వెస్ట్‌ను తిట్టినవాళ్లు లేకపోలేదు. సోమరిపోతులు రాసిన క్వెస్ట్ అని ఒకరు రాశారు. కానీ ఎక్కువమంది దాని గురించే మాట్లాడారు. ఎన్నోసారికి గెలిచామో రాసుకున్నారు, ట్యాంకు దగ్గర ఎలా మోసపోయారో చెప్పుకున్నారు. ఇంతవరకు ఏ ఆటలోనూ ఇంత భయం వేయలేదని, మళ్లీ ఇంత సంతోషమూ కలగలేదని ఒకామె రాసింది. టీమ్ లీడ్ వాటిని ప్రింటు తీసి ఆఫీసు గోడకు అంటించాడు.

వాటిలో ఒక ఉత్తరం వేరు. దేశం ఇంకో చివర నుంచి ఒకాయన రాశాడు. ఆయన అలాంటి కేంద్రంలోనే కంట్రోల్ రూములో పనిచేస్తున్నాడు. పన్నెండేళ్ల కూతురు మా ఆట ఆడి, ఆ క్వెస్ట్ గెలిచి, ఆయన డ్యూటీ నుంచి వచ్చేదాకా గుమ్మంలో కూర్చుందట. నాన్నా, నువ్వు రోజూ చేసేది ఇదేనా అని అడిగిందట. పుట్టినప్పటి నుంచి నా పని గురించి నా బిడ్డ అడగటం ఇదే మొదటిసారి, ఆ రాత్రి అన్నం ముందు కూర్చుని ఇద్దరం గంటసేపు మాట్లాడుకున్నాం అని రాశాడు.

అది తెలుగులోకి మార్చుకుని ధర్మవరానికి ఫోన్ చేశాను. మగ్గాల చప్పుడు వినిపిస్తోంది. ఆయన భార్య స్పీకరు పెట్టింది. చదివాను. లైను తెగిందేమో అనుకుని పెద్దనాయనా అని పిలిచాను.

"ఉన్నానమ్మా," అన్నారు. "ఆ పాప అడిగినాది ఇంగోసారి చదువు."

చదివాను.